ఎంతకీ తెగని ఏడాది

గవరయ్య భార్య పోయిన ఏడాది ఇంకా పూర్తి కాలేదు. ఆమె పోయాక వానాకాలం మూడుసార్లు వచ్చి వెళ్లింది, అయినా పూర్తి కాలేదు. తప్పు వానలది కాదు. చచ్చిపోయినామెది కాదు. గవరయ్యది అసలే కాదు. తప్పు ప్రభుత్వానిది. ఇందులో వాదించడానికేమీ లేదు.

తంపర రాజ్యంలో మనిషి పోగానే వెళ్లిపోడు. ఆ ఏడాది చివరిదాకా ఇంట్లోనే ఉంటాడు. కనపడడు, వినపడడు, కానీ ఉంటాడు. అతనికి విడిగా మంచం వేయాలి. దానిమీద ఇంకెవరూ కూర్చోకూడదు. రెండు పూటలా విస్తరి వేసి వడ్డించాలి. ఏడాది ఆఖరి రోజు పొద్దున రాజధాని కోట మీద సాగనంపు భేరి మోగుతుంది. దాన్ని అందుకుని ఊరూరా డప్పులు మోగుతాయి. ఆ చప్పుడు విన్నాకే పోయినవాళ్లు కదులుతారు. ఇంటివాళ్లు తలుపు బార్లా తీసి, ఊరి పొలిమేర దాకా పక్కన నడిచి, పంపేసి రావాలి. వెళ్లిరమ్మని మాత్రం అనకూడదు. రమ్మంటే మళ్లీ వస్తారు, మళ్లీ మంచం వేయాలి.

గవరయ్య భార్య అచ్చియ్యమ్మకు ఆ ఇల్లంటే మొదటినుంచీ పడదు. పొయ్యి పొగ బయటికి పోదు. పడమటి గోడ ఎప్పుడూ చెమ్మగా ఉంటుంది. గవరయ్య కొబ్బరిపీచుతో తాళ్లు పేనేవాడు కాబట్టి అన్నంలో కూడా పీచు వచ్చేది. పోయే ముందు ఆమె మొగుణ్ణి దగ్గరకు పిలిచి స్పష్టంగా చెప్పింది.

"ఏడాది ఆఖరిదాకా ఉండాలన్నారు కాబట్టి ఉంటాను. ఆ తర్వాత ఒక్క పూట కూడా ఈ కొంపలో ఉండను. తలుపు తియ్యడం ఆలస్యం చేశావో, ఊరుకోను."

"చెయ్యను" అన్నాడు గవరయ్య.

వాళ్ల కాపురంలో అతను ఎదురుచెప్పకుండా ఒప్పుకున్న మాట అదొక్కటే. అప్పటికి ఏడాది అయిపోవడానికి ఎన్నాళ్లో లేదు. మహా అయితే నెల్లాళ్లు. అందుకే అంత తేలిగ్గా ఒప్పుకున్నాడు.

పూర్వం ఆ రాజ్యంలో ఏడాదిని ఎవరూ నడిపేవాళ్లు కాదు. ఆకాశంలో రెండు చందమామలుండేవి. ఒకటి పెద్దమామ, ఇంకొకటి చిన్నమామ. పెద్దమామ నింపాది మనిషి, చిన్నమామకు తొందరెక్కువ. ఇద్దరూ ఒకే రాత్రి నిండుగా కనిపించారంటే ఏడాది తిరిగినట్టు. రోజులకు పేర్లు కూడా జనమే పెట్టుకున్నారు. పీచు నానేసే రోజు, సంత రోజు, ఇల్లలికే రోజు, అత్తారింటికి వెళ్లే రోజు, అక్కడినుంచి అలిగి వచ్చే రోజు. ఇలా గడిచిపోయేది.

ఇలా ఉండగా రాజుగారికి కొడుకు పుట్టాడు. సంతోషం పట్టలేక ఆయన ఒక రోజుకు యువరాజు పేరు పెట్టించాడు. అది చూసి సేనాపతి అన్నం మానేశాడు. సేనాపతికి ఒక రోజిచ్చారు. మంత్రి ఊరుకుంటాడా? అలా రాజధానిలో ఉన్న పెద్దలందరికీ తలా ఒక రోజు కావలసి వచ్చింది. ఈ పని చూడ్డానికి కాల మహామండలి అని ఒకటి పెట్టారు. మండలివారు ఇల్లలికే రోజునీ, పీచు నానేసే రోజునీ రద్దు చేసి, "ఇంతకాలము దినములు మాన్యుల నామధేయము లేక వృథాగా గడచినవి" అని విచారం ప్రకటించారు. పెద్దల పేర్లతో తయారైన దానికి గౌరవ పంచాంగమని పేరు పెట్టారు.

కొన్నాళ్లకు రోజులు అయిపోయాయి, పెద్దలు మాత్రం అయిపోలేదు. మండలివారు తలలు పట్టుకుని కూర్చోలేదు. రోజులు చాలకపోతే రోజులే పెంచాలని తీర్మానించారు. చందమామలిద్దరూ నిండి ఏడాది తిరిగిపోయింది కదా అని ఎవరో అడిగితే, "చంద్రులు ప్రభుత్వోద్యోగులు కారు. వారి రాకపోకలు ప్రభుత్వమును కట్టడి చేయజాలవు" అని ప్రకటన వెలువడింది.

రాజుగారు కూడా అడ్డు చెప్పలేదు. పంచాంగం మారిన ఏడాది ఆయనకు నలభయ్యో ఏడు నడుస్తోంది. ఇప్పటికీ అదే నడుస్తోంది. జుట్టొక్కటే ఆజ్ఞ వినకుండా నెరిసిపోతోంది.

గవరయ్య ఊరు పీచుపాలెం, సముద్రం ఒడ్డున ఉంది. ఆ ఊళ్లో రోజు కరణం పేరు భానోజీ. ప్రతి పొద్దునా బోర్లించిన పడవ ఎక్కి, ఇవాళ ఎవరి రోజో చాటడం అతని ఉద్యోగం.

"వినండహో! నేడు శ్రీమన్మహారాజ పాదసేవా ధురంధర, గజశాలాధిపతి భల్లటవర్మ గారి తోడల్లుడు, మల్లయుద్ధ వీక్షణ ప్రవీణ, గండరగండ తిరుమలదేవు గారి రోజు! ప్రజలెల్లరూ ఉత్సాహముగా నుండవలెను!"

పీచు కొడుతున్న గవరయ్య తలెత్తలేదు.

"నిన్న కూడా గజశాల వాళ్లదే అన్నావు కదా, కరణం గారూ?"

"నిన్నటిది పెద్ద తోడల్లుడిది. ఇవాళ్టిది చిన్న తోడల్లుడిది."

"రేపు?"

భానోజీ అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "రేపు ఏనుగుది."

"ఏనుగుదా?"

"పట్టపుటేనుగోయ్! తోడల్లుళ్లకిచ్చి దానికివ్వకపోతే ఏం బాగుంటుంది?"

"అది సరే. ఆఖరి రోజెప్పుడు?"

ఈ మాట వినగానే భానోజీ నిటారుగా నిలబడ్డాడు. "అది నా పరిధిలోని అంశము కాదు. పైనుండి ఉత్తరువు రావలసి యున్నది" అన్నాడు. ఇంట్లో పెళ్లాంతో మాట్లాడే భాష, ఉద్యోగం భాష, రెండూ అతని నోట్లో పక్కపక్కనే కాపురముండేవి.

పక్కింటి కొండమ్మ నీళ్లబిందె దించి నడుం మీద చెయ్యేసుకుంది. ఆమెకు అత్తా మామా ఇద్దరూ ఈ ఏడాదే పోయారు. ఈ ఏడాదంటే, ఈ తెగని ఏడాదిలోనే.

"ఏం కరణం గారూ, మా అత్తా మామా బతికున్నన్నాళ్లూ ఒక్క మంచం మీద సర్దుకున్నారు. పోయాక పద్ధతని చెరో మంచం వేశాం. ఉన్నది ఒక్క గది. నేనూ నా మొగుడూ మేకల పాకలో పడుకుంటున్నాం. మేకలకి సిగ్గేస్తోంది. ఈ ఏడాదికి అంతుందా, లేదా?"

"మా ఇంట్లో మేనత్త ఉంది" అన్నాడు భానోజీ దిగులుగా. "నా మంచం ఆమెకే ఇచ్చాను. నేనేమన్నా అంటున్నానా?"

ఊళ్లో ప్రతి ఇంటా ఇదే గొడవ. పోయినవాళ్లు ఎక్కువైపోయి బతికున్నవాళ్లు అరుగుల మీదికి వచ్చేశారు. వచ్చే ఏడాది పెళ్లి పెట్టుకుందామనుకున్న పిల్ల అలాగే కూర్చుంది. ఊరి బడిలో ఒకటో తరగతి పిల్లలకు మీసాలొచ్చాయి. పక్క ఊరి మంగలి ఒకడు తెగించి, చందమామలిద్దరూ నిండిన మర్నాడు తనే డప్పు కొట్టి వాళ్ల నాన్నను పంపించబోయాడు. కాలోల్లంఘనం కింద వాణ్ణి పట్టుకుని ఏడాది జైలు వేశారు. ఏడాది అనగానే చుట్టుపక్కల ఊళ్లన్నీ నోరు మూసుకున్నాయి.

ఆ మధ్యాహ్నం గవరయ్య రెండు విస్తళ్లు వేశాడు. పొయ్యి పొగ ఎప్పటిలాగే ఇంట్లోనే తిరుగుతోంది. ఖాళీ మంచం వైపు చూడకుండా ఎదుటి విస్తట్లో అన్నం, చేపల పులుసు వడ్డించాడు. ఆలస్యం తనది కాదని అతనికి తెలుసు. ఆమెకు తెలుసో లేదో తెలీదు. తెలిసినా ఒప్పుకునే మనిషి కాదు. ఆమె చెయ్యమన్నది ఒకే ఒక్క పని, అదీ కాకుండా కూర్చుంది. రెండు ముద్దలు తిని లేచాడు.

"రేపు పట్నం వెళ్తున్నాను" అన్నాడు మంచంతో.

కొండమ్మ దగ్గరికి వెళ్లి తాళంచెవి ఇచ్చాడు. "రెండు పూటలా విస్తరి వెయ్యి."

"అలాగే బావా. అక్కకేం ఇష్టం?"

"నా వంట తప్ప ఏదైనా."

రాజధానిలో కాల మహామండలి భవనం కోటకన్నా ఎత్తుగా ఉంది. గుమ్మంలో ఒక గుమాస్తా కూర్చుని ఆవులిస్తున్నాడు.

"అధ్యక్షుల వారిని చూడాలి" అన్నాడు గవరయ్య.

"ఈ ఏడాది వీలుపడదు. వచ్చే ఏడాది రండి."

"అదెప్పుడొస్తుందో కనుక్కుందామనే వచ్చాను."

గుమాస్తాకు ఈ ప్రశ్న ఎవరూ నేర్పలేదు. పై అధికారిని అడగాలని లోపలికి వెళ్లి తిరిగి రాలేదు. గవరయ్య అక్కడే మెట్టు మీద కూర్చున్నాడు. సంచిలోంచి పీచు తీసి తాడు పేనడం మొదలుపెట్టాడు. తాడు గుమ్మం దాటి వీధిలోకి పాకుతున్న వేళకు లోపల పెద్ద గలాటా లేచింది. తలుపులు ధడాలున తెరుచుకుని, పట్టుతలపాగా పెట్టుకున్న ముసలాయన ఒకాయన కోపంతో ఊగిపోతూ బయటికొచ్చాడు.

"నేనా! ఆఖరా! గుర్రాల వైద్యుడి తర్వాతా! మా వంశంలో ఎవడైనా గుర్రాల వైద్యుడి తర్వాత నడిచాడా?" అని అరుస్తూ పల్లకీ ఎక్కి వెళ్లిపోయాడు.

తలుపు తెరిచే ఉంది. గవరయ్య లోపలికి నడిచాడు.

మండలి సభ్యులు ఒకరికన్న ఒకరు ఎత్తుగా ఉన్న పీటల మీద కూర్చుని ఉన్నారు. అందరికన్న పైన కాలాధ్యక్షుడు ఉమాపతి రాయలు. ఆయనతో మాట్లాడాలంటే మెడ నొప్పి పుడుతుంది.

"ఎవరవు నీవు? ఏ గౌరవ శ్రేణికి చెందినవాడవు?"

"ఏ శ్రేణీ కాదు. తాళ్లు పేనుతాను."

"అటులైన నీకు దినము రాదు."

"నాకొద్దు. ఉన్న రోజులు చాలు. ఏడాది ఎప్పుడైపోతుందో చెప్తే వెళ్లిపోతాను."

రాయలు నిట్టూర్చాడు. ఆ నిట్టూర్పుకు కింద పీటల మీద సభ్యులందరూ వరుసగా నిట్టూర్చారు.

"సంవత్సరము గౌరవ క్రమానుసారము నడచును. అగ్రగణ్యులు ముందు, తక్కినవారు వెనుక. చివరి దినము స్వీకరించినవారు ఈ రాజ్యమందలి మాన్యులందరిలో కడపటివారని లోకమునకు తేటపడిపోవును. తన క్రింద మరొకరున్నంత వరకే ఎవరైనను దినమును స్వీకరించుచున్నారు. కావున ప్రతివారి క్రిందకును మరొకరిని వెదకి, బిరుదమిచ్చి, దినమిచ్చుచున్నాము. వారును తమ క్రిందకు మరొకరిని కోరుచున్నారు."

"అంటే ఆఖరున నిలబడేవాడు లేక ఏడాది ఆగిందా?"

"ఆగలేదు. సాగుచున్నది. అదియే చిక్కు."

"ఏనుగు కూడా ఒప్పుకోలేదా?"

"మావటివాడు ఆక్షేపణ తెలిపినాడు."

"ఆఖరి రోజుకు పేరు పెట్టకుండా వదిలెయ్యండి."

సభ్యులందరూ ఒక్కసారిగా చెవులు మూసుకున్నారు. "పేరులేని దినము చట్టవిరుద్ధము!" అన్నాడు రాయలు. "అట్టి దినమున సూర్యుడు ఎవరి పేర ఉదయించవలెను?"

గవరయ్యకు మెడ నొప్పి పెడుతోంది. తల దింపుకుని, ఎదురుగా ఉన్న గోడతో చెప్పినట్టుగా చెప్పాడు.

"మా ఆవిడ పేరు పెట్టండి. అచ్చియ్యమ్మ. పోయింది."

"ఆమె కడపటి స్థానమునకు సమ్మతించునా?"

"కాపురానికి వచ్చిన నాటినుంచీ అందరూ తిన్నాకే తిన్నది. ఆఖరు ఆమెకు కొత్త కాదు. మీకే కొత్త."

ఇంతకాలం రాజ్యమంతా గాలించినా ఎవరికీ తట్టని సంగతి ఇది. అయినా రెండో ఎత్తు పీట మీది సభ్యుడు లేచాడు. ఏదీ సులువుగా జరిగిపోకుండా చూడడం ఆయన బాధ్యత.

"గౌరవము లేనివారికి గౌరవ దినమిచ్చుటచే గౌరవమునకే అగౌరవము కలుగును. ముందుగా ఆమెకు బిరుదము కావలెను. బిరుదమునకు ఘనకార్యము కావలెను. ఆమె చేసిన ఘనకార్యమేమి?"

"నాతో కాపురం చేసింది."

"అంతేనా?"

"అంతే."

సభ్యులు గవరయ్య మొహం వంక చాలాసేపు చూశారు. తమలో తాము గుసగుసలాడుకున్నారు. అది చాలునని ఏకగ్రీవంగా తీర్మానించి, అచ్చియ్యమ్మకు 'సహన శిరోమణి' బిరుదు ప్రసాదించారు.

"ఇక రాజుగారి సంగతి" అన్నాడు మూడో సభ్యుడు బెరుగ్గా. "సంవత్సరము ముగిసిన ప్రభువుల వారికి నలుబదియొకటి వచ్చును గదా?"

దానికి కూడా దారి దొరికింది. రాజుగారికి నలభై శాశ్వతంగా మంజూరు చేశారు.

ఇక మిగిలింది ఒక్కటే. గౌరవం పొందేవారి అంగీకారం స్వయంగా తీసుకోవాలని నిబంధన. అచ్చియ్యమ్మ రాజధానికి రాలేదు కాబట్టి మండలే పీచుపాలెం వెళ్లాలి.

పల్లకీలు వచ్చి గవరయ్య ఇంటిముందు ఆగాయి. ఊరు ఊరంతా గుమిగూడింది. మండలివారు ఎత్తు తక్కువ గుమ్మంలోంచి వంగి వంగి లోపలికి వచ్చారు. జన్మలో వాళ్లు వంగడం అదే మొదలు. లోపల పొగకు దగ్గుతూ, చోటు చూసుకుంటూ, రెండో సభ్యుడు మంచం మీద కూర్చోబోయాడు.

"లేవండి! లేవండి! అక్క ఉంది!" అని కొండమ్మ గుమ్మంలోంచి కేక పెట్టింది. ఆయన ఎగిరి పక్కనున్న పీచు కుప్ప మీద పడ్డాడు. అక్కడే కూర్చుండిపోయాడు. దుస్తుల నిండా పీచు.

ఉమాపతి రాయలు ఖాళీ మంచానికి నమస్కరించి, గొంతు సవరించుకున్నాడు.

"సహన శిరోమణి శ్రీమతి అచ్చియ్యమ్మ గారూ! ఈ సంవత్సరపు కడపటి దినమును తమ పేర స్వీకరించుటకు తమకు సమ్మతియేనా?"

మంచం పలకలేదు. బయట సముద్రం చప్పుడు మాత్రం వినిపిస్తోంది. రాయలు మళ్లీ అడిగాడు. మళ్లీ అంతే.

"ఇది ఏమని గ్రహింపవలెను?" అని గవరయ్యను అడిగాడు.

గవరయ్యకు అబద్ధం చెప్పడం అలవాటు లేదు. "పలకలేదంటే ఒప్పుకోలేదని. కాపురం చేసినన్నాళ్లూ అంతే."

వెనకనుంచి కొండమ్మ అతని తుండుగుడ్డ పట్టి లాగింది. "నోర్ముయ్ బావా! చచ్చేదాకా నన్ను మేకల్లో పడుకోమంటావా?" అని పళ్లు బిగించి అని, ముందుకొచ్చి గట్టిగా చెప్పింది. "అక్క ఒప్పుకుంది! ఇప్పుడే అంది!"

"మాకు వినబడలేదే?"

"మీకెలా వినబడుతుంది? మీరు మగాళ్లు కదా. ఆడది చెప్పింది మగాళ్లకి ఎప్పుడు వినబడింది గనక?"

సభ్యులు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. ఇళ్లల్లో భార్యలు తమను ఇదే మాట అంటుండడం అందరికీ గుర్తొచ్చింది. కాదనలేకపోయారు.

"నాకూ వినబడింది!" అంది ఒకామె గుమ్మం అవతలినుంచి. ఆమె ఇంట్లో మూడు మంచాలు. "నాకూ!" "మాకూ!" అని వీధంతా అందుకుంది. పెళ్లి ఆగిపోయిన పిల్ల అందరికన్న గట్టిగా అరిచింది. ఒకటో తరగతి మీసాలవాళ్లు కూడా చేతులెత్తారు.

రాయలు భానోజీ వైపు తిరిగాడు. "రోజు కరణము! నీవు ప్రభుత్వపు మనిషివి. నీకు వినబడినదా?"

భానోజీ చెమటలు తుడుచుకున్నాడు. అరుగు మీద పడుకుని పడుకుని అతని నడుం పట్టేసింది. "చిత్తము. లీలగా వినబడినట్లుగా భావింపబడుచున్నది."

"ఏమనినది?"

భానోజీ కొండమ్మ వైపు చూశాడు.

"'సరేలే, కానివ్వండి' అంది" అంది కొండమ్మ.

అచ్చియ్యమ్మ జన్మలో ఒక్కసారి కూడా సరేలే అనలేదని గవరయ్యకు తెలుసు. మంచం వైపు చూసి, ఊరుకున్నాడు. ఆమె అంగీకారం ప్రభుత్వ పరంగా నమోదైపోయింది.

ఆఖరి రోజు వచ్చింది. భానోజీ పడవెక్కి, "వినండహో! నేడు సహన శిరోమణి, తాళ్ల గవరయ్య ధర్మపత్ని, శ్రీమతి అచ్చియ్యమ్మ గారి రోజు!" అన్నాడో లేదో, దూరాన భేరి మోగింది. ఊరూరా డప్పులు అందుకుంటూ ఆ మోత పీచుపాలెం దాకా వచ్చేసింది. భానోజీ మిగతా మాటలు ఎవరికీ వినపడలేదు. అతను కూడా చెప్పదలచుకోలేదు. పడవ మీంచి దూకి, మేనత్తను పంపించడానికి ఇంటికి పరుగెత్తాడు.

ఊళ్లో తలుపులన్నీ ఒక్కసారిగా తెరుచుకున్నాయి. వీధి నిండా జనం. ప్రతివాళ్లూ పక్కన ఎవరికో చోటు వదిలి నడుస్తున్నారు. కొండమ్మా ఆమె మొగుడూ మధ్యలో ఇద్దరు పట్టేంత ఎడం ఉంచి నడిచారు. "జాగ్రత్త మామా, అక్కడ గుంటుంది. అత్తా, వెనక్కి చూడకు, పొయ్యి నేను ఆర్పేశానులే" అంటూ పొలిమేర దాకా నడిపించింది. తిరిగొచ్చి మంచాలు రెండూ ఎండలో వేసి, నీళ్లు చల్లి, తనే ఎక్కి పడుకుంది. అంతలోనే లేచి కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చింది. ఎందుకే అని మొగుడడిగితే, "ఏమో, తెలీదు. నువ్వు జరుగు, మంచం మీద పడుకోనీ" అంది.

పక్క ఊరి మంగలిని వదిలిపెట్టారు. అతని గడ్డం నడుం దాకా వచ్చింది. మీసాలవాళ్లు రెండో తరగతిలోకి వెళ్లారు.

గవరయ్య కూడా తలుపు తీశాడు. అందరూ వీధిలో ముందుకు వెళ్లాక, చివరగా బయల్దేరాడు. పక్కన చోటు వదిలి, తల వంచుకుని, పొలిమేర దాటి చెరుకు తోటల మలుపు వరకు వెళ్లడం జనం చూశారు. అక్కడ చాలాసేపు నిలబడ్డాడు. ఏదో వింటున్నవాడిలా నిలబడ్డాడని కొందరు చెప్పారు. తిరిగొచ్చేటప్పటికి డప్పులు కూడా ఆగిపోయాయి. ఇంట్లోకి వెళ్లి, ఆ మంచం నవారు విప్పి చుట్టేశాడు.

కథ ఇక్కడితో ఆగేదే. కానీ ఆ రోజు రాజ్యమంతటా ఒక విచిత్రం జరిగింది. జనం అచ్చియ్యమ్మ పేరు తలుచుకుని నవ్వారు, ఏడ్చారు, పొరుగింటివాళ్లను కౌగిలించుకున్నారు. ఆ సాయంత్రం పుట్టిన ఆడపిల్లలందరికీ ఆ పేరే పెట్టారు. సేనాపతి రోజున చాటింపు వేసి బతిమాలినా ఎవరూ ఇంట్లోంచి బయటికి రాలేదు. యువరాజు రోజున మిఠాయి పంచితే తిని వెళ్లిపోయారు. ఈ తాళ్లవాడి పెళ్లాం రోజున మాత్రం ఊళ్లకు ఊళ్లే వీధుల్లోకి వచ్చాయి. పెద్దలందరూ మేడల మీదినుంచి ఇదంతా చూశారు.

మర్నాడు పొద్దున పీచుపాలెంలో భానోజీ పడవెక్కాడు, నోరు తెరిచాడు, మళ్లీ మూసుకుని దిగిపోయాడు. ఆ మర్నాడూ అంతే.

తర్వాత ఒకరోజు ఉమాపతి రాయలు పల్లకీ గవరయ్య ఇంటిముందు మళ్లీ ఆగింది. ఈసారి మండలి లేదు. ఆయనొక్కడే వచ్చాడు. మనిషి చిక్కిపోయాడు.

"గవరయ్య గారూ" అన్నాడు. గారు అనడంతో గవరయ్య తాడు పేనడం ఆపి చూశాడు. "రాజ్యమునకు ఉపద్రవము వచ్చినది. సేనాపతి, మంత్రి, గజశాలాధిపతి, తోడల్లుళ్లిద్దరును, తమ తమ దినములను వదలుకొని, చివరి దినమే కావలెనని పట్టుబట్టినారు. ఏనుగు పేరను అర్జీ వచ్చినది. ఎవరును ముందు ఉండనొల్లకున్నారు. మొదటి దినమునకు మనిషి లేడు. క్రొత్త సంవత్సరము మొదలు కాలేదు."

"అయితే ఇవాళ ఏ రోజు?"

"ఏ రోజును కాదు" అన్నాడు రాయలు, ఏడుపు గొంతుతో. "చివరి దినము తమ ధర్మపత్ని గారిది. ఆమె దానిని ఎవరికైనా అప్పగించి వెళ్లినచో తగవు తీరును. వెళ్లునపుడు ఆమె తమతో ఏదో పలికినదని, తాము నిలబడి వినుట చూచినామని ఊరివారు చెప్పుచున్నారు. ఏమి పలికినది? ఒక్క ముక్క చెప్పండి. దానిని బంగారు రేకుపై చెక్కించి భేరి ప్రక్కన నిలిపెదము."

"చెప్పను."

"రాజాజ్ఞ యని తెలుపవలసి వచ్చును."

"తెలపండి. ఏడాది జైలు వెయ్యండి. ఏడాది మొదలయ్యాక వచ్చి చేరతాను."

రాయలు చేతులు జోడించాడు. ఆయన బతికున్న మనిషికి చేతులు జోడించడం, వీధిలో నిలబడి చూస్తున్న భానోజీ అదే మొదటిసారి చూశాడు. "కాలము నిలిచిపోయినదయ్యా!"

"నిలబడనివ్వండి. మూడు వానాకాలాలు మేం నిలబడ్డాం, ఎవరూ అడగలేదు. మా ఆవిడ రోజు ఎవరికైనా ఇచ్చుకోండి, ఏనుక్కిచ్చుకోండి. ఆవిడ వెళ్లిపోయింది. నాకు మీతో పనైపోయింది. ఆవిడ అన్నది నాతో అన్నది, రాజ్యంతో కాదు."

పల్లకీ వెళ్లిపోయింది. ఆగిపోయిన కాలాన్ని మండలివారు తర్వాత ఏం చేసుకున్నారో వాళ్లకే తెలియాలి. పీచుపాలెంలో మాత్రం జనం పాత రోజులే వాడుకోవడం మొదలుపెట్టారు. ఆ సాయంత్రం కొండమ్మ అరుగు మీద వచ్చి కూర్చుంది.

"వాళ్లకి చెప్పకపోతే మానె బావా. నాకు చెప్పు. నేనేం చాటింపు వెయ్యను. అక్క ఏమంది? తిట్టిందా?"

గవరయ్య పీచు పాయలు రెండూ అరచేతుల మధ్య పెట్టుకుని మెలిపెట్టాడు.

"కొండమ్మా. ఇదొక్కసారి చెప్తున్నాను. ఈ సంగతి ఇక నా దగ్గర ఎత్తకు."

"ఒక్క మాటే కదా—"

"నువ్వే కాదు. ఎవరూ ఎత్తొద్దు."

ఆమె లేచి ఇంటికి వెళ్లిపోయింది. ఆ తర్వాత చాలామంది అడిగారు. బంధువులు, బాటసారులు, ఒకసారి యువరాజు స్వయంగా గుర్రమెక్కి వచ్చి అడిగాడు. గవరయ్య ఎవరికీ జవాబివ్వలేదు. బతికినన్నాళ్లూ ఆ సంగతి మళ్లీ మాట్లాడలేదు.